చేపముల్లు కాలువలు: కోరింగ అంచున రెండు హెక్టార్ల పర్రలో ఏడాది పని

2023 జనవరి 22

నిన్న చొల్లంగి అమావాస్య. తాళ్లరేవు దారంతా తీర్థానికి వెళ్లే బండ్లతో కిటకిటలాడుతుండగా, మేము నలుగురం ఆ జనంలోంచి ఎలాగో బయటపడి ఉదయం పోటు వేళకు పర్రకు, అంటే తీరపు బోడి ఉప్పు నేలకు, చేరుకున్నాము. అమావాస్య, పౌర్ణమి రోజుల్లో పోటు బాగా పొంగుతుంది గనుక, ఈ నేలకు సముద్రపు నీరు అసలు అందుతున్నదో లేదో తేల్చుకోవడానికి ఇంతకంటే మంచి రోజు దొరకదు.

మడ చెట్లను మళ్లీ పెంచడానికి మేము పని చేయబోయే చోటు కోరింగ అభయారణ్యానికి వెలుపల, ఒక చిన్న పాయను ఆనుకుని ఉన్న రెండు హెక్టార్ల బోడి నేల. 1978లో అభయారణ్యంగా ప్రకటించిన 235.70 చదరపు కిలోమీటర్ల మడ అడవి ఇక్కడికి కూతవేటు దూరంలోనే దట్టంగా పెరిగి ఉంది, పాయకు అవతలి ఒడ్డున నల్లమడ చెట్లు నీళ్లలోకి వంగి ఉన్నాయి, ఈ రెండు హెక్టార్లలో మాత్రం గడ్డి పరక కూడా లేదు. అడుగు వేస్తే పైనున్న ఉప్పు పొర అప్పడంలా విరుగుతుంది. అంచుల వెంట ఎర్రబారిన ఇలకూర తుప్పలు కొద్దిగా ఉన్నాయి. ఇక్కడ గతంలో రెండుసార్లు మొక్కలు నాటినట్టు తెలిపే రెండు రేకు బోర్డులు ఇంకా నిలబడే ఉన్నాయి. ఒకదాని మీద మొక్కల సంఖ్యను ఇప్పటికీ చదవవచ్చు, ఆ మొక్కల్లో ఒక్కటి కూడా లేదు.

ఇలాంటి పర్రలు ఎలా ఏర్పడతాయో తెలిసిన సంగతే. ఒకప్పుడు వంటచెరకు కోసం తడవకు కొంత మేర చొప్పున మడను చెట్టు మిగలకుండా నరికేవారు. నీడ పోయిన నేల ఎండకు ఎండి, లోపలి తేమ కోల్పోయి, కాలక్రమంలో కుంగి పళ్లెంలా తయారవుతుంది. పెద్ద పోట్లప్పుడు ఆ పళ్లెంలోకి ఎక్కిన నీరు తిరిగి పాయలోకి దిగే దారి లేక అక్కడే ఆవిరైపోతుంది, ఉప్పు మాత్రం మిగిలిపోతుంది. అలా ఏటేటా పేరుకున్న ఉప్పులో మడ విత్తు కూడా మొలవదు. ఉప్పునీటి చెట్టే కదా, ఉప్పు ఎక్కువైతే ఏమవుతుందిలే అనుకోవడం వల్లనే ఆ రెండు బోర్డుల మొక్కలు చచ్చిపోయాయని నా అభిప్రాయం.

నిన్న 36 సరుగుడు కర్రలు పాతి, ఒక్కొక్క దానికి తడిపిన ముగ్గుపిండిని నిలువునా పట్టించాము. నీరు ఎంతవరకు ఎక్కితే అంతవరకు పిండి కరిగి పోతుంది, మిగిలిన తెల్లటి గీత అడుగు భాగాన్ని టేపుతో కొలిస్తే చాలు. ఖరీదైన పరికరం ఏదీ అవసరం లేదు.

2023 ఫిబ్రవరి 6

నిన్నటి మాఘ పౌర్ణమి పోటుతో లెక్క తేలింది. నీళ్ల గొట్టంతో తీసిన మట్టాల ప్రకారం పర్ర నడిమి భాగం పాయ ఒడ్డుకంటే 18 సెంటీమీటర్లు పల్లంగా ఉంది. ఒడ్డునున్న కర్రలు తడిశాయి, నడిమి కర్రల చుట్టూ జనవరి నీరే ఇంకా చిన్న మడుగుగా నిలిచి ఉంది, ఉత్తరపు మూలన ఉన్న ఆరు కర్రలకు మాత్రం ముగ్గుపిండి చెక్కుచెదరలేదు. ఆ మూల పక్కనే ఒక పాత రొయ్యల చెరువు గట్టు ఉంది. 1990లలో టైగర్ రొయ్య మోజులో ఈ తీరమంతా చెరువులు తవ్విన రోజుల్లో వెలిసిన గట్టు అది. తెల్లమచ్చల వ్యాధితో చెరువులు దెబ్బతిన్నాయి, 1996 డిసెంబరులో సుప్రీంకోర్టు తీర ప్రాంతపు రొయ్యల సాగు మీద తీర్పు ఇచ్చింది, ఆ తర్వాత ఈ చెరువును వదిలేశారు. గట్టు మాత్రం పోటును ఇప్పటికీ ఆపుతూనే ఉంది.

అడుగు లోతు గుంట తీసి, అందులో ఊరిన నీటిని ఉప్పు కొలిచే గాజు పరికరంలో చూశాము. పాయ నీటిలో లీటరుకు 27 గ్రాముల ఉప్పు ఉంటే గుంట నీటిలో 71 గ్రాములు ఉంది. మామూలు సముద్రపు నీటిలో ఉండేది 35 గ్రాములే.

2023 మార్చి 19

ఈ నెలంతా కాగితాలతోనే గడిచింది. మడ అడవులున్న చోటు 2019 తీర ప్రాంత నియంత్రణ నోటిఫికేషన్ ప్రకారం అత్యంత కట్టుదిట్టమైన ఒకటి-ఎ విభాగంలోకి వస్తుంది గనుక, కాలువ తవ్వడానికి కూడా అనుమతి కావాలి, అది న్యాయమే. ఒక కార్యాలయంలో మా పటాన్ని మూడుసార్లు అడిగి మూడుసార్లూ పోగొట్టారు, అది మాత్రం న్యాయం కాదు. గత నెల ఒకటో తేదీ కేంద్ర బడ్జెట్లో మడ అడవుల కోసం ‘మిష్టి’ పథకాన్ని ప్రకటించినప్పటి నుంచి ఈ పని చూస్తున్న మా ఊరి సమితిలో కొందరు ఆ డబ్బు వచ్చేదాకా ఆగుదామంటున్నారు. ఆగితే తవ్వకపు కాలం దాటిపోతుందని చెప్పి, ఊళ్లో పోగుచేసిన దానితోనే మొదలుపెట్టడానికి ఒప్పించాను.

2023 ఏప్రిల్ 18

నిన్న తవ్వకం మొదలైంది. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు 61 రోజుల పాటు మర పడవల వేట నిషేధం ఉంటుంది. పడవల మీద కూలికి వెళ్లే వాళ్లందరూ ఈ రోజుల్లో ఒడ్డునే ఉంటారు, నేల కూడా ఎండి గట్టిగా ఉంటుంది. ఇరవై మంది దిగారు. కూలి రోజుకు కాక తవ్విన ఘనపు మీటరుకు లెక్క కట్టాము.

పద్ధతి కొత్తదేమీ కాదు. ఎం.ఎస్. స్వామినాథన్ పరిశోధన సంస్థ, అటవీ శాఖ, తీర గ్రామాల సమితులు కలిసి 1990ల చివరి నుంచి గోదావరి, కృష్ణా ముఖద్వారాల్లో చేసి చూపించిందే. పాయ నుంచి పర్ర నడుమగా ఒక తల్లి కాలువ, దానికి రెండు వైపులా 45 డిగ్రీల కోణంలో పిల్ల కాలువలు తవ్వితే, పైనుంచి చూసినప్పుడు చేపముల్లులా కనిపిస్తుంది. పిల్ల కాలువ ఇలా ఓరగా ఉండటం వల్ల, తల్లి కాలువలో ఎగదన్నే పోటు నీరు మలుపు దగ్గర విరిగిపోకుండా లోపలికి సాగిపోతుంది. మా తల్లి కాలువ పొడవు 140 మీటర్లు, పైన మూడు మీటర్ల వెడల్పు, అడుగున ఒక మీటరు, లోతు ఒక మీటరు. వైపుకు తొమ్మిది చొప్పున 18 పిల్ల కాలువలు, ఒక్కొక్కటి 50 మీటర్లు, పైన రెండు మీటర్లు, అడుగున, లోతున ముప్పావు మీటరు చొప్పున ఉంటాయి. మొత్తం దాదాపు 1,200 ఘనపు మీటర్ల మట్టి తీయాలి.

కాలువల పక్కలు నిటారుగా కాక వాలుగా ఉండాలని మొదటి రోజే గట్టిగా చెప్పాను. రేపు మొక్క నిలబడేది ఆ వాలు మీదనే.

2023 మే 6

నిన్నటి వైశాఖ పౌర్ణమి పోటు నా తప్పును బయటపెట్టింది, దాన్ని దాచకుండా రాస్తున్నాను.

తల్లి కాలువ, పది పిల్ల కాలువలు పూర్తయ్యాయి. పోటు రాగానే నీరు కాలువల్లోకి చక్కగా పరిగెత్తింది, అందరం ఈలలు వేశాము. తర్వాత చూస్తే నీరంతా కాలువల్లోనే ఉంది, పర్ర మీదికి చుక్క కూడా ఎక్కలేదు. మధ్యాహ్నం పాటు వచ్చి, అంటే సముద్రపు నీరు వెనక్కి తీసి, పాయ అడుగు కనిపించే వేళకు, తల్లి కాలువ లోపలి సగంలో మోకాలి దిగువ నీరు అలాగే నిలిచిపోయింది. అంటే ఇంత ఖర్చు పెట్టి ఒక పళ్లెం స్థానంలో పొడుగాటి తొట్టె తయారుచేశామన్నమాట.

పాయలో వల వేసుకుని బతికే ఒక పెద్దాయన, నేను బాబాయి అని పిలిచే మనిషి, ఒడ్డున కూర్చుని ఇదంతా చూస్తూ అడిగారు: “కాలువ తవ్వారు బాగానే ఉందండి. మరి ఈ గట్టెందుకు కట్టారండి? నీళ్లు రావాలనా, రాకూడదనా?”

తవ్విన మట్టిని కాలువ పొడవునా రెండు వైపులా వరుసగా పోసి, పైన చదును చేయించింది నేనే. ముప్పై ఏళ్లు పంట కాలువల పనిలో ఉన్నవాణ్ని, కాలువ అంటే గట్టు ఉండాలన్నది నా చేతికి అలవాటైపోయింది. రెండో తప్పు అంతకంటే పెద్దది. అన్ని చోట్లా నేల మీద నుంచి ఒక మీటరు లోతు అని కొలిచాము, కాని నేలే నడుమ 18 సెంటీమీటర్లు పల్లంగా ఉన్నప్పుడు కాలువ అడుగు కూడా లోపలికి వాలిపోతుంది. తల నుంచి తోకకు వాలు ఉండటం పంట కాలువకు సహజం గనుక, ఆ వాలు కళ్లెదుట కనబడుతున్నా నాకు తప్పుగా తోచలేదు. పొలానికి వెళ్లిన నీరు వెనక్కి రావలసిన పని లేదు. ఇక్కడ మాత్రం రోజుకు రెండుసార్లు వచ్చిన నీరు రెండుసార్లూ తిరిగి వెళ్లాలి, పోతూ పోతూ ఉప్పును కడిగి తీసుకుపోవాలి.

“నీళ్లు వచ్చే దారి కాదండి, పోయే దారి చూడండి,” అన్నారు బాబాయి. పటం మీద నేను బాణం గుర్తులన్నీ లోపలికే గీశానని ఇంటికి వచ్చాక గమనించాను.

2023 జూన్ 5

నెల రోజులు సవరణకే సరిపోయింది. గట్లను మూడేసి మీటర్ల ఖాళీలు వదులుతూ తెగ్గొట్టి, మట్టిని విడివిడి దిబ్బలుగా పోయించాము, కొంత మట్టిని నడిమి పల్లంలో పలచగా పరిపించాము. తల్లి కాలువను పాయ వైపు ఇంకా లోతు చేసి, ఈసారి లోతును నేల నుంచి కాక, పాయ ఒడ్డున పాతిన ఒకే ఒక్క రాయి మట్టం నుంచి కొలిచాము. ఇప్పుడు అడుగు లోపలి చివర నుంచి పాయకు పది సెంటీమీటర్లు దిగుతోంది. ఈ అదనపు పనికి 140 కూలి దినాలు పట్టాయి, సమితి లెక్కల పుస్తకంలో దాన్ని నా పేరున “మేస్త్రి తప్పు” అని రాశారు. రాయవలసిందే.

నిన్నటి జ్యేష్ఠ పౌర్ణమి పోటుకు 36 కర్రల్లో 28 తడిశాయి. పాటు వచ్చిన మూడు గంటల్లో కాలువలు ఖాళీ అయి, అడుగున బురద మెరుస్తూ కనిపించింది. కాలువ దగ్గరి గుంటలో ఉప్పు లీటరుకు 52 గ్రాములకు దిగింది. దూరపు గుంటలో మాత్రం ఎండలకు 80 దాటింది.

2023 ఆగస్టు 4

జూలై చివర్లో గోదావరికి వరద వచ్చి, ధవళేశ్వరం దాటిన ఎర్రనీరు మా పాయ దాకా వచ్చింది. ఆ నీరు పర్ర మీద రోజుల తరబడి ఎక్కుతూ దిగుతూ చేసిన పనిని మేము ఏడాది పోటు నీటితో కూడా చేయలేకపోయేవాళ్లమేమో. నిన్నటి కొలతలో దూరపు గుంటలో సైతం 38 వచ్చింది. అయితే వరద తెచ్చిన ఒండ్రు తల్లి కాలువ నోటిని జానెడు మేర పూడ్చేసింది. కాలువ నోటిని ఏటా తీయవలసిందేనని పద్ధతి తెలిసినవాళ్లు ముందే చెప్పారు, మొదటి ఏడాదే ఇంత పూడిక వస్తుందని మాత్రం అనుకోలేదు.

2023 సెప్టెంబరు 10

నర్సరీ పెట్టాము. దీని గురించి కొంచెం వివరంగా రాస్తాను, ఎందుకంటే ఈ పనిలో నాకు అన్నిటికంటే నచ్చినది ఇదే.

నల్లమడ కాయ చిక్కుడు గింజంత ఉంటుంది, లేత ఆకుపచ్చ రంగులో, పైన పలచని తొక్కతో. రాలిన వాటిని, కొమ్మను కదిపితే ఊడివచ్చే వాటిని ఏరి, ఒక రాత్రి పాయ నీటిలో గోనెసంచితో సహా నానబెడతాము. తెల్లవారేసరికి తొక్క దానంతట అదే జారిపోయి, లోపల మడతపెట్టిన రెండు దళసరి పప్పులు, వాటి మధ్య నూగుతో ఉన్న బుల్లి వేరు కనిపిస్తాయి. ఆ నూగు వైపును కిందికి పెట్టి, సగం మాత్రమే బురదలో దిగేలా వేలితో అదమాలి. మొత్తం పూడ్చితే కుళ్లిపోతుంది, పైన వదిలేస్తే మరుసటి పోటు ఎత్తుకుపోతుంది. పురుగు తొలిచిన సన్నటి రంధ్రం ఉన్న కాయను ఆడవాళ్లు చేత్తో తడిమే పక్కన పడేస్తున్నారు, నాకు కళ్లజోడు పెట్టుకుంటే గాని కనబడదు.

సంచుల్లోకి పాయ ఒడ్డు బురదే వాడాము, ఎరువు లేదు. 1,500 సంచులను పోటు నీరు రోజూ అడుగున తడిపి పోయేంత ఎత్తులో, కొబ్బరాకుల నీడన వరుసగా పేర్చాము. మొదటి వారంలోనే పీతలు రెండు వరుసల మొలకలను కొరికేస్తే, పాత వల తెచ్చి చుట్టూ కట్టాము. ఉప్పుపొన్న అనే మరో రకం మడ చెట్టుకు ఇంత శ్రమ లేదు. చెట్టు మీదే మొలకెత్తి కొవ్వొత్తిలా వేలాడే దాని కాడలో, టోపీ కింద పసుపు పట్టీ కనబడిందంటే పండినట్టు లెక్క. అలాంటివి 120 తెచ్చాము.

2023 అక్టోబరు 29

మేము నాటనే లేదు, మొక్కలు వచ్చేశాయి. పాయ వెంట తేలివచ్చిన మడ విత్తులు పిల్ల కాలువల వాలు మీద, పోటు గీత దగ్గర ఒక వరుసగా చిక్కుకుని నిలదొక్కుకున్నాయి. ఐదో నంబరు పిల్ల కాలువలో రెండు వైపులా వంగి లెక్కపెడితే 63 ఉన్నాయి. దిబ్బల మీద ఇలకూర పచ్చగా పాకింది, ఒక దిబ్బ అంచున తిల్ల మొలక కూడా ఒకటి కనిపించింది. గుంట నీటిలో ఉప్పు 24. బురదలో గెంతే చేపలు తల్లి కాలువ చివరిదాకా వచ్చాయి. ఒకచోట మండపీత బొక్క కూడా కనబడింది గాని, ఎక్కడో రాయను, ఈ డైరీని ఊళ్లో కుర్రాళ్లు కూడా చదువుతారు.

దీంతో సమితిలో వాదన మొదలైంది. వాటంతట అవే వస్తుంటే నర్సరీ ఎందుకని కొందరన్నారు. పాయకు దగ్గరలో ఉన్న కాలువల్లోనే మొలకలు వచ్చాయి, లోపలి ఎనిమిదింటిలో పదో పరకో తప్ప లేవు. విత్తు చేరని చోట నాటుదాం, చేరిన చోట చేయి పెట్టవద్దు అని తీర్మానించాము.

2023 నవంబరు 15

గేదెలు పడి 40 మొలకలను మేసేశాయి. కంచె వేయడానికి లక్షన్నర అవుతుందన్నారు. దానికి బదులు గేదెలు గల ఆరు కుటుంబాల వారిని పిలిచి మాట్లాడాము. పర్రకు పడమట ఉన్న గడ్డి నేలకు వారి మందలు వెళ్లేందుకు ఒక దారి వదిలి, అక్కడ తాగునీటి తొట్టె కట్టిస్తే ఇటు తోలబోమని ఒప్పుకున్నారు. తొట్టెకు అయినది 11 వేలు.

2023 డిసెంబరు 8

మిచౌంగ్ తుఫాను ఐదో తేదీన బాపట్ల దగ్గర తీరం దాటింది. మాకు దూరమే అయినా, రెండు రోజులు గాలివాన విడవలేదు. రెండు కర్రలు కొట్టుకుపోయాయి, నర్సరీ నీడ పందిరి ఎగిరి పాయలో పడింది, సంచులు మాత్రం వల అడ్డం ఉండటం వల్ల నిలిచాయి. 1789లోను, మళ్లీ 1839లోను ఉప్పెనకు మునిగిన కోరింగ రేవు పక్కన నిలబడి దీన్ని పెద్ద నష్టమని చెప్పుకోవడానికి సిగ్గేస్తుంది. ‘సైక్లోన్’ అనే ఇంగ్లీషు మాటను 1848లో వాడుకలోకి తెచ్చిన హెన్రీ పిడింగ్టన్ ఆ 1789 ఉప్పెన గురించి కూడా రాశాడు.

2023 డిసెంబరు 17

మూడు రోజుల్లో నాటడం ముగిసింది. నర్సరీలో బతికినవి 1,180. కాలువల వాలు మీద రెండేసి మీటర్లకు ఒకటి చొప్పున 1,040 చోట్లు వస్తాయి, అందులో 170 చోట్ల సొంతంగా మొలిచినవే ఉన్నందున 870 మాత్రమే నాటాము. అందులో 90 ఉప్పుపొన్న, అవన్నీ పాయకు దగ్గరి తడి నేలలోనే. మొక్కను వాలు పైఅంచున పెడితే ఎండుతుంది, అడుగున పెడితే మునుగుతుంది. నడిమిన పెట్టాలి. నాటేవాళ్ల చేతికి కొలత తెలియడం కోసం, కాలువ పక్కన పోటు నీటి మురికి గీసిన గీతకు రెండు జానల దిగువన అని చెప్పాము, టేపు కంటే అదే బాగా పనిచేసింది. మిగిలిన సంచులను చనిపోయిన వాటి స్థానంలో పెట్టడానికి ఉంచాము.

ఈసారి బోర్డు పెట్టాలా అని ఎవరో అడిగితే, మూడేళ్ల తర్వాత ఆలోచిద్దామన్నాను.

2024 ఫిబ్రవరి 10

నిన్న మళ్లీ చొల్లంగి అమావాస్య. అవే కర్రలకు అదే ముగ్గుపిండి పట్టించాము, పోయిన రెండింటి స్థానంలో కొత్తవి పాతాము. 36లో 30 తడిశాయి, పాటుకు ఎక్కడా నీరు నిలవలేదు. పాయలో ఉప్పు 28, గుంటలో 39, అంటే నిరుడు ఇదే రోజుల్లో ఉన్నదానికి సగం కంటే కొంచెం ఎక్కువ. నాటిన 870లో 702 బతికి ఉన్నాయి. చనిపోయిన వాటిలో ఎక్కువ భాగం పద్దెనిమిదో నంబరు పిల్ల కాలువవి. వంగి చూస్తే అక్కడ దిబ్బ ఒకటి వానకు జారి కాలువలో పడి ఉంది. దాన్ని ఇవాళే తీయించాము.

తడవని ఆరు కర్రలూ ఉత్తరపు మూలవే. పాత చెరువు గట్టును రెండు చోట్ల ఐదేసి మీటర్ల మేర తెగ్గొడితే తప్ప ఆ మూలకు పోటు చేరదు. చెరువు హక్కుదారు నోటిమాటగా ఒప్పుకున్నారు, సంతకం ఇంకా కావాలి. ఏప్రిల్ 15న నిషేధం మొదలైన మరునాడే కాలువ నోటి పూడిక తీతకు 14 మందిని రమ్మని చెప్పి ఉంచాను. అప్పటికి సంతకం వస్తే అదే మనుషులతో గట్టును కూడా తెగ్గొట్టవచ్చు. బాబాయి నిన్న పాటు వేళ తల్లి కాలువ నోటి దగ్గర చిన్న వల పట్టుకుని కూర్చున్నారు. ఏం పడిందని అడిగితే, బుట్ట మూత తీసి వేలెడంత పండుగప్ప పిల్లలు మూడు చూపించి, వాటిని తిరిగి నీటిలోకి వదిలేశారు.